బఠానీ గింజంత చాలు: రెటినాల్ మొదలుపెట్టే ముందు

రెండేళ్ల కిందట మే నెలలో, కొత్తావకాయ కలిపిన మొదటి ముద్ద నోట్లో పెట్టుకోగానే నా కళ్లలో నీళ్లు తిరిగాయి. కారం ఎక్కువైందేమోనని అమ్మ కంగారుపడింది. కారం సరిగ్గానే ఉంది. నా పెదవుల మూలల్లోనే చర్మం లేచిపోయి, అద్దంలో సరిగ్గా కనిపించనంత సన్నగా చీలి ఉంది. అక్కడ ఆవపిండి తగిలింది.

తప్పు నాదే. ఆన్‌లైన్‌లో మచ్చలకీ ముడతలకీ రాసే రెటినాల్ సీరమ్ చూశాను. 0.3, 0.5, 1 అని మూడు రకాలున్నాయి. ధరలో పెద్ద తేడా లేదు కదా, తక్కువది కొనడం దేనికని 1 శాతం తెప్పించాను. రోజూ రాత్రి డ్రాపర్ నిండా తీసి ముఖమంతా రాశాను. పొద్దునా సాయంత్రం మొటిమల ఫేస్‌వాష్ ఎలాగూ ఉంది. నాలుగు రోజులు ముఖం నిగనిగలాడింది. ఐదో రోజు ముక్కు పక్కన బిగుతుగా అనిపించింది, ఆరో రోజు గడ్డం మీద పొట్టు లేచింది, ఎనిమిదో రోజు ఆవకాయ దగ్గర దొరికిపోయాను.

ఎర్రదనం రెండు వారాల్లో పోయింది. పెదవుల మూలల్లో మిగిలిన గోధుమరంగు మచ్చలు మాత్రం దసరా దాటాక గానీ వదల్లేదు. అసలు పాఠం నాకు అక్కడ అర్థమైంది. తెల్లతోలు వాళ్లకి రెటినాల్ మంట పుడితే ఎరుపెక్కుతుంది, కొన్నాళ్లకి తగ్గిపోతుంది. మన చాయలో మంట ఎక్కడ పుట్టినా చర్మానికి రంగునిచ్చే మెలనిన్‌ను తయారుచేసే కణాలు రెచ్చిపోతాయి. దోమ కుట్టి గోకిన చోట, మొటిమ గిల్లిన చోట నెలల తరబడి నల్లమచ్చ ఉండిపోయేది అందుకే. మచ్చలు పోగొట్టుకోవడానికి రాసిన మందే తొందరపడితే కొత్త మచ్చలు పెడుతుంది. విదేశీ వీడియోల్లో చెప్పే వేగం మన చర్మానికి కుదరదు. ఈ వ్యాసమంతా నిజానికి ఆ ఒక్క మాట చుట్టూనే తిరుగుతుంది.

వడ్లు, బియ్యం, అన్నం

అట్టపెట్టె మీద పేర్లు చూస్తే తల తిరుగుతుంది. రెటినిల్ పాల్మిటేట్, రెటినాల్, రెటినాల్డిహైడ్, ట్రెటినాయిన్, అడాపలీన్. ఇవన్నీ రెటినాయిడ్లు, అంటే విటమిన్ ఏ కుటుంబం. బంధుత్వం తెలియాలంటే వంటింట్లోకి వెళ్తే సులువు.

చర్మ కణం తినగలిగేది అన్నమే. ఆ అన్నం పేరు రెటినోయిక్ ఆమ్లం. ట్రెటినాయిన్ అంటే అదే, వండి వడ్డించిన అన్నం. రెటినాల్ బియ్యం లాంటిది. చర్మంలోని ఎంజైములు దాన్ని ముందు రెటినాల్డిహైడ్‌గా మారుస్తాయి, ఇది ఎసట్లో పడి సగం ఉడికిన బియ్యం. ఆ తర్వాత ఆమ్లంగా మారుస్తాయి. రెటినిల్ పాల్మిటేట్ వడ్లు. దంచాలి, చెరగాలి, వండాలి. ప్రతి మెట్టులోనూ కొంత పోతుంది. పైగా ఎక్కువైన బియ్యాన్ని చర్మం మళ్లీ వడ్లుగా మార్చి గాదెలో దాచుకుంటుంది కూడా, ఇది మాత్రం మన వంటింట్లో జరగదు. ఇందువల్లే ఒకే శాతంలో ట్రెటినాయిన్‌తో పోలిస్తే రెటినాల్ చాలా మెత్తన, పాల్మిటేట్ ఇంకా మెత్తన. ట్రెటినాయిన్ 0.025 శాతం నుంచే మొదలవుతుంటే రెటినాల్‌ను 0.3, 0.5 అని అమ్మేది ఈ తేడా వల్లే. రెండు వేర్వేరు పదార్థాల శాతాలను పక్కపక్కన పెట్టి చూడకూడదు.

అడాపలీన్ ఈ వరసలోది కాదు. ప్రయోగశాలలో తయారైన వేరే గింజ, అదే ఆకలి తీరుస్తుంది. ముఖ్యంగా మొటిమలకి వాడతారు. అమెరికాలో 2016 నుంచి 0.1 శాతం అడాపలీన్‌ను డాక్టర్ చీటీ లేకుండానే అమ్ముతున్నారు.

ఇంకో కిటుకు కూడా చెప్పాలి. 'గ్రానాక్టివ్ రెటినాయిడ్ 2 శాతం' అని సీసా మీద పెద్దక్షరాల్లో ఉంటుంది. గ్రానాక్టివ్ అనేది ఒక ద్రావణం పేరు. అందులో అసలు సరుకు పదో వంతే, అంటే 0.2 శాతం. మెత్తటి రకమే, మొదలుపెట్టేవాళ్లకి చెడ్డదేమీ కాదు. కానీ 2 అంకె చూసి భయపడటమూ వద్దు, మురిసిపోవడమూ వద్దు.

అంగన్‌వాడీ చెంచా నుంచి

రెటినాల్ అన్న పేరు ముఖం నుంచి రాలేదు, కంట్లోని రెటీనా నుంచి వచ్చింది. రెటీనాలో విటమిన్ ఏ ఉందని జార్జ్ వాల్డ్ 1933లో కనిపెట్టాడు, ఆ దారిలో చేసిన పనికి 1967లో నోబెల్ వచ్చింది. విటమిన్ ఏ తగ్గితే రేచీకటి వస్తుంది, చర్మం కూడా ఎండి గరుకెక్కుతుంది. మనకి ఈ విటమిన్ కొత్త చుట్టమేమీ కాదు. పిల్లల్లో గుడ్డితనాన్ని ఆపడానికి ఆరు నెలలకోసారి విటమిన్ ఏ పట్టించే జాతీయ కార్యక్రమం 1970లో మొదలైంది, దానికి ఆధారమైన పరిశోధన హైదరాబాద్ తార్నాకలోని జాతీయ పోషకాహార సంస్థది. అంగన్‌వాడీలో చెంచాతో పోసిన ఆ పసుపుపచ్చ మందుకీ, ఇప్పుడు వందలు పోసి కొనే సీరమ్‌కీ మూలం ఒక్కటే.

చర్మం మీదికి దీన్ని తెచ్చింది ప్రధానంగా పెన్సిల్వేనియా విశ్వవిద్యాలయంలోని చర్మవైద్యుడు ఆల్బర్ట్ క్లిగ్మన్. మొటిమల మీద ట్రెటినాయిన్ ఫలితాలను 1969లో ప్రచురించాడు, 1971లో అమెరికా ప్రభుత్వం దాన్ని మందుగా ఆమోదించింది. మొటిమలకి వాడిన పెద్ద వయసు ఆడవాళ్లు ముడతలు కూడా తగ్గాయని చెప్పడం మొదలుపెట్టారు. ఎండకి దెబ్బతిన్న చర్మం మీద దీని ప్రభావం గురించి 1986లో ఆయన బృందమే వ్యాసం రాసింది. ఈ కథలో చీకటి కోణం ఉంది. ఫిలడెల్ఫియాలోని హోమ్స్‌బర్గ్ జైల్లో ఖైదీల మీద, వాళ్లలో ఎక్కువమంది నల్లజాతివాళ్లు, రెండు దశాబ్దాలకు పైగా ఆయన ప్రయోగాలు చేశాడు. ఆ నగరం 2022లో క్షమాపణ చెప్పింది. సీరమ్ ప్రకటనల్లో ఈ ముక్క ఉండదు.

ఆయన పేరు మీదే ఇంకో వంటకం ఉంది, అది మన వీధి చివరి మెడికల్ షాపు దాకా వచ్చింది. 1975లో ట్రెటినాయిన్, మచ్చల రంగు తగ్గించే హైడ్రోక్వినోన్, ఒక స్టెరాయిడ్ మూడూ కలిపి మంగు మచ్చలకి వాడొచ్చని చూపించాడు. డాక్టర్ పర్యవేక్షణలో, కొద్ది వారాలపాటు వాడాల్సిన మందు అది. మన దగ్గర ఆ కలయికే రకరకాల పేర్లతో 'తెల్లబడే క్రీమ్' అయి కూర్చుంది. 'రెటినాల్ ఉందా అన్నా' అని అడిగితే చేతిలో పెట్టేది ఒక్కోసారి ఇదే. వారంలో ముఖం మెరుస్తుంది, పక్కింటావిడ కూడా పేరడుగుతుంది. నెలల తరబడి వాడితే స్టెరాయిడ్ వల్ల చర్మం పల్చబడి ఎర్రటి నరాలు తేలతాయి, మొటిమలు, అవాంఛిత రోమాలు వస్తాయి, ఎండలోకి వెళ్తే మండుతుంది. మానేస్తే ఇంకా ఎక్కువవుతుంది కాబట్టి మానలేరు. స్టెరాయిడ్ క్రీములను చీటీ లేకుండా అమ్మకూడదని కేంద్రం 2018లో నిబంధన బిగించింది, కౌంటర్ దగ్గర చీటీ అడిగేవాళ్లు ఎంతమందో మీకే తెలుసు. ట్యూబు వెనక చిన్నక్షరాల్లో మొమెటాసోన్, ఫ్లుసినోలోన్, బీటామెథసోన్, క్లోబెటాసోల్ అన్న పేర్లలో ఏది కనిపించినా అది మీరనుకుంటున్న రెటినాల్ క్రీమ్ కాదు. ఇప్పటికే నెలలుగా వాడుతుంటే ఉన్నట్టుండి ఆపేయకుండా డెర్మటాలజిస్ట్‌కి చూపించండి.

లోపల జరిగేదేమిటి

రెటినోయిక్ ఆమ్లం కణం కేంద్రకంలోకి వెళ్లి అక్కడ సంకేతాలు అందుకునే ప్రోటీన్లకు, అంటే గ్రాహకాలకు, అతుక్కుంటుంది. స్ట్రాస్‌బర్గ్‌లో పియరీ షాంబోన్ బృందం, కాలిఫోర్నియాలో రొనాల్డ్ ఎవాన్స్ బృందం 1987లో విడివిడిగా ఈ గ్రాహకాన్ని పట్టుకున్నాయి. అతుక్కున్నాక కొన్ని జన్యువులు పనిలోకి దిగుతాయి, కొన్ని సద్దుమణుగుతాయి. అడుగు పొర కణాలు త్వరత్వరగా విభజన చెంది పైకొస్తాయి. లోపలి పొరలో చర్మాన్ని బిగువుగా ఉంచే కొల్లాజెన్ తయారీ పెరుగుతుంది, దాన్ని కొరికే ఎంజైములు తగ్గుతాయి. మెలనిన్ ఒకచోట పేరుకోకుండా కణాలతోపాటు పైకొచ్చి రాలిపోతుంది.

'రెటినాల్ రాస్తే తోలు పల్చబడుతుంది' అని ఒక మాట తిరుగుతుంటుంది. పల్చబడేది పైనున్న మృతకణాల పొర. దాని కింద బతికున్న పొర మందమవుతుంది. పల్చబరిచేది ఇందాక చెప్పుకున్న స్టెరాయిడ్. రెండూ ఒకే ట్యూబులో రావడం వల్ల ఒకరి నేరం ఇంకొకరి మీద పడింది.

చిక్కంతా మొదటి వారాల్లోనే. పై పొర పాత పద్ధతిలో లేదు, కొత్త పద్ధతికి ఇంకా రాలేదు. ఇల్లు రిపేరులో ఉన్నప్పుడు కిటికీలు ఊడదీసి పెట్టినట్టు నీళ్లు లోపలి నుంచి ఆవిరైపోతుంటాయి, బయటివి లోపలికి చొరబడుతుంటాయి. రెండు నుంచి ఆరు వారాలకి చాలామందికి ఇది సర్దుకుంటుంది. ఆ లోపు మంట పుట్టకుండా గడపడమే మన పని.

రాత్రి పూట, మెల్లగా

రాత్రే ఎందుకంటే, రెటినాల్ వెలుతురుకి, గాలికి విరిగిపోతుంది. పగలు రాసి ఎండలోకి వెళ్తే మందు పాడవుతుంది, కుదురుకోని చర్మం కమిలిపోతుంది. పారదర్శకమైన గాజు సీసాలో, మూత తెరిచే డబ్బాలో అమ్మేవి నేను ఇప్పుడు కొనను. అల్యూమినియం ట్యూబు లేదా గాలి చొరబడని పంపు సీసా అయితే మేలు. తెరిచిన రోజు తేదీ మార్కర్‌తో ట్యూబు మీద రాసేయండి. రంగు ముదిరితే పారేయండి, ఎంత ఖరీదైనదైనా సరే.

శాతం దగ్గర పంతం వద్దు. 0.1 నుంచి 0.3 లోపు మొదలుపెడితే చాలు. ఐరోపా సమాఖ్య ముఖానికి వాడే ఉత్పత్తుల్లో రెటినాల్ 0.3 శాతం, ఒంటికి రాసే లోషన్లలో 0.05 శాతం దాటకూడదని 2024లో నియమం తెచ్చింది. తిండి, మాత్రలు, క్రీములు అన్నీ కలిపి ఒంట్లోకి వెళ్లే విటమిన్ ఏ ఎక్కువవుతుందేమోనన్నది వాళ్ల ఆలోచన. కారణం ఏదైనా, అక్కడి దుకాణాల్లో 0.3 సరిపోయినప్పుడు మనం 1 వెంట పరిగెత్తాల్సిన పని లేదు.

ముందు మూడు నాలుగు రోజులు చెవి కింద, దవడ మూల దగ్గర చిన్న చుక్క రాసి చూడండి. ఏమీ కాకపోతే వారంలో రెండు రాత్రులు పెట్టుకోండి. నురగ తక్కువొచ్చే మామూలు ఫేస్‌వాష్‌తో కడిగి, టవల్‌తో రుద్దకుండా అద్దుకోండి. తడి మీద రాస్తే ఎక్కువ లోపలికి దిగి మండుతుంది, అందుకని ఓ పావుగంట, ఇరవై నిమిషాలు ఆగండి. ముక్కు పక్కలకి, పెదవుల మూలలకి, కంటి కొసలకి వేలి కొసతో వాజిలిన్ పూయండి. మందు జారి పేరుకునేది అక్కడే, నా ఆవకాయ సాక్షి. తర్వాత పల్చగా మాయిశ్చరైజర్, దాని మీద ముఖం మొత్తానికి బఠానీ గింజంత రెటినాల్. నుదుటిన ఒక చుక్క, బుగ్గలకి రెండు, గడ్డానికి ఒకటి, ముక్కు మీద ఒకటి పెట్టి పరచండి. పైన మళ్లీ మాయిశ్చరైజర్. రొట్టె ముక్కల మధ్య కూర పెట్టినట్టన్నమాట. ఇలా రాస్తే బలం కాస్త తగ్గుతుంది, మొదటి రెండు నెలలు మనకి కావలసింది ఆ తగ్గడమే.

మూడు నాలుగు వారాలు ఏ గొడవా లేకపోతే వారంలో మూడు రాత్రులు, ఆ తర్వాత రోజు విడిచి రోజు. రోజూ రాయాల్సిందేనన్న నియమమేమీ లేదు. మిషిగన్ విశ్వవిద్యాలయం వాళ్లు 2007లో ప్రచురించిన ఒక అధ్యయనం నాకు చాలా ఇష్టం. సగటు వయసు 87 ఏళ్లున్న 36 మంది. 0.4 శాతం రెటినాల్ లోషన్‌ను ఒక చేతి లోపలివైపు, మందు లేని లోషన్‌ను రెండో చేతికి, వారానికి మూడు సార్ల వరకు, 24 వారాలు రాశారు. ఎండ పడని చోట, ఆ వయసులో కూడా రెటినాల్ రాసిన చేతి మీద సన్నని ముడతలు తగ్గాయి. వారానికి మూడు సార్లే, అదీ ఆరు నెలలు. మనం మూడో వారానికే అద్దం ముందు నిలబడి ఏం మారలేదని విసుక్కుంటాం.

రెటినాల్ రాయని మిగతా రాత్రులు ఖాళీగా వదిలేయండి. సాలిసిలిక్, గ్లైకాలిక్ ఆమ్లాల సీరమ్‌లు, బెంజాయిల్ పెరాక్సైడ్ ఇవన్నీ రెటినాల్ రాసిన రాత్రే పెట్టకండి, మొదటి రెండు నెలలు అసలే వద్దు. నిమ్మరసం, పంచదార రుద్దడం, సున్నిపిండితో గట్టిగా నలుచుకోవడం కూడా ఆపాలి. నలుగు మన సంప్రదాయమే, కాదనను, కానీ రిపేరులో ఉన్న గోడను ఇసుక కాగితంతో రుద్దం కదా. త్రెడింగ్, వ్యాక్సింగ్, బ్లీచ్ చేయించుకోవాలంటే ఐదారు రోజుల ముందే రెటినాల్ మానేయండి. పై పెదవి మీద వ్యాక్స్ పట్టీతోపాటు చర్మం కూడా ఊడొచ్చిన కేసులు పార్లర్ వాళ్లకి బాగా తెలుసు. పెళ్లి ముహూర్తం నెల రోజుల్లో ఉందనగా కొత్తగా మొదలుపెట్టడం అన్నిటికన్నా పెద్ద పొరపాటు. పెళ్లికూతుర్ని చేసే రోజు నలుగు పెడుతుంటే మంటెక్కి కూర్చోవాల్సొస్తుంది. ఆలోచనుంటే మూడు నెలల ముందే మొదలుపెట్టండి, లేదంటే పెళ్లయ్యాక.

మొదటి నెలలో మొటిమలు ఎక్కువైతే అది మందు పని చేస్తున్న గుర్తా, పడని గుర్తా? ఎప్పుడూ వచ్చే చోటే వచ్చి, నాలుగు నుంచి ఆరు వారాల్లో తగ్గిపోతే లోపల దాక్కున్నవి త్వరగా బయటపడ్డాయని అర్థం. ఎప్పుడూ రాని చోట దురదతో చిన్న చిన్న పొక్కులు, నీళ్లు తగిలినా చురుక్కుమనడం, ముఖం మైనం పూసినట్టు బిగుసుకుని మెరవడం, ఇవి పడని గుర్తులు. రెండు వారాలు పూర్తిగా మానేసి మాయిశ్చరైజర్ మీద ఉండండి, మళ్లీ ఇంకా తక్కువతో మొదలుపెట్టండి. పొట్టు కాస్త లేస్తే భయం లేదు, మండితే మాత్రం ఆగాలి.

సన్‌స్క్రీన్ గురించి నా మాట కటువుగా ఉంటుంది. పగలు సన్‌స్క్రీన్ రాసుకునే అలవాటు లేకపోతే రెటినాల్ మీద డబ్బు పెట్టకండి. ఎస్‌పీఎఫ్ 30 లేదా 50, రెండు వేళ్ల పొడవున, ముఖానికీ మెడకీ. స్కూటీ మీద తిరిగేవాళ్లు మధ్యాహ్నం మళ్లీ రాయాలి, హెల్మెట్ అద్దం చాలదు. ముడతలు తెచ్చే యూవీఏ కిరణాలు మబ్బుల్లోంచి, కిటికీ అద్దాల్లోంచి కూడా వస్తాయి. మంగు ఉన్నవాళ్లకి మామూలు వెలుగు కూడా శత్రువే. ఐరన్ ఆక్సైడ్ కలిపిన, కాస్త రంగుండే సన్‌స్క్రీన్ వాళ్లకి మేలు.

ఎవరు దూరంగా ఉండాలి

గర్భిణులు, గర్భం కోసం ప్రయత్నిస్తున్నవాళ్లు వాడకూడదు. ఇదే కుటుంబానికి చెందిన ఐసోట్రెటినాయిన్ మాత్రలు కడుపులోని బిడ్డకి తీవ్రమైన లోపాలు తెస్తాయని నిరూపణ అయింది. పైపూతగా ఒంట్లోకి వెళ్లేది చాలా తక్కువే, అయినా ముడతల కోసం ఆ రిస్కు ఏ డాక్టరూ తీసుకోమనరు. పాలిచ్చే తల్లులు, గజ్జి తామర లాంటి చర్మ సమస్యలున్నవాళ్లు డాక్టర్‌ని అడగాల్సిందే. ఇరవై ఏళ్ల పిల్లలకి మొటిమలో మచ్చలో లేకపోతే ఇప్పుడే అక్కర్లేదు. కంటి కింద సంచులు, పుట్టుకతో వచ్చిన నల్లటి వలయాలు, లోతైన గీతలు దీంతో పోతాయని ఎవరైనా చెబితే నమ్మకండి.

పడనివాళ్లకి బాకుచియోల్ అని ఒకటుంది. మన బావంచాల నుంచి తీస్తారు. 2019లో వచ్చిన ఒక చిన్న అధ్యయనంలో, 44 మందిలో 12 వారాలకి, రోజుకి రెండుసార్లు రాసిన 0.5 శాతం బాకుచియోల్ దాదాపు రెటినాల్ అంతే పని చేసింది, పొట్టు లేవడం తక్కువ. చిన్న అధ్యయనమే గానీ ఆశ కలిగించేది. అయితే ఇది విని ఎవరూ బావంచాల నూనె ముఖానికి రాసుకోకండి. బొల్లికి వాడే ఆ గింజల్లో సోరలెన్ అనే పదార్థం ఉంటుంది, దాని మీద ఎండ పడితే చర్మం కాలి బొబ్బలెక్కుతుంది. శుద్ధి చేసిన బాకుచియోల్ వేరు, పచారీ కొట్టులో దొరికే బావంచాలు వేరు.

నేను దసరా తర్వాత 0.2 శాతంతో మళ్లీ మొదలుపెట్టాను. ఏ రాత్రి రాశానో గుర్తుండదు కాబట్టి వంటింటి గోడ మీది క్యాలెండర్లో, గ్యాస్ బండ వచ్చిన తేదీ రాసే చోటే, గడిలో చిన్నగా 'రె' అని రాస్తుంటాను. ఇప్పుడు వారానికి మూడు రాత్రులు. మొన్న జనవరిలో చలికి బుగ్గలు చిటపటలాడితే రెండు వారాలు ఆపి, రాయాల్సిన ఆ గళ్లలో నాగా అన్నట్టు 'నా' అని పెట్టాను. నెలాఖరుకి అమ్మ అదే క్యాలెండర్ చూసి పాలవాడికి ఆరు రోజుల డబ్బు కోసి ఇచ్చింది.